తెర మీద లేని పేరు

పోయిన నెలలో ఒక శనివారం, చదివేసిన పుస్తకాలు తిరిగిచ్చేద్దామని ఇక్కడ మా ఊరు అరోరాలో లైబ్రరీకి వెళ్ళాను. లోపలికి అడుగుపెట్టగానే నోటీసు బోర్డు మొత్తం చదవడం నాకో అలవాటు. అల్లికల క్లాసు, టాక్స్ ఫారాలు నింపడంలో సాయం, తప్పిపోయిన బూడిదరంగు పిల్లి, ఏదీ వదలను. ఆ రోజు వాటి మధ్య ఒక నలుపు తెలుపు ఫోటో కనిపించింది. దున్నిన పొలంలో ఒక ఆడమనిషి నడుం వంచి, వీపు మీద ఒక తలుపు మోసుకుంటూ నడుస్తోంది. ఇంటి గుమ్మానికి ఉండే నిలువెత్తు చెక్క తలుపు, చట్రంతో సహా. కింద 'విదేశీ సినిమా మధ్యాహ్నం, ప్రవేశం ఉచితం' అని రాసి ఉంది. నేను పుస్తకాలు గుండెకి హత్తుకుని అక్కడే నిలబడిపోయాను. ఆ తలుపుకి గడియ విరిగి ఉంటుందనీ, ఆ మనిషి కుడికాలి జోడుకి తాడు చుట్టి ఉంటుందనీ నాకు తెలుసు. ఫోటోలో అవేమీ కనపడటం లేదు.

వారం తర్వాత మా అమ్మాయిని వెంటబెట్టుకుని వెళ్ళాను. మొత్తం పదకొండు మందిమి. ఒక ప్రొఫెసర్ లేచి, అరవైల్లో చెక్ దేశంలో కుర్రవాళ్ళంతా కలిసి సినిమాని ఎలా తలకిందులు చేశారో, ఎన్నెన్ని ప్రయోగాలు చేశారో చెప్పాడు. ఈ సినిమా దర్శకుడి గురించి పది నిమిషాలు మాట్లాడాడు. దీపాలు ఆర్పారు. పేర్లు పడ్డాయి. నేను వెతుకుతున్న పేరు పడలేదు. పడదని తెలుసు. పాత ఫిల్ముని బాగుచేసి కొత్త ప్రింటు తీశారని విని, ఈసారైనా ఉంటుందేమోనని ఎందుకో ఆశపడ్డాను. "అమ్మా, ఆర్ యూ క్రయింగ్? సినిమా ఇంకా స్టార్ట్ కూడా అవలేదు కదా" అంది మా అమ్మాయి. "ఈ కథ కిందిమామ్మ రాసిందే" అన్నాను. "కిందిమామ్మా? మన కిందిమామ్మ? నువ్వెప్పుడూ చెప్పలేదు" అంది. ఇంటికి వస్తూ కార్‌లో చెప్పడం మొదలుపెట్టాను. ఇల్లు వచ్చేసింది, కథ సగం కూడా కాలేదు. మిగిలింది ఇలా రాసి ఇద్దామని కూర్చున్నాను.

ఇరవై ఏళ్ళు దాటిన మాట. అప్పుడు మేము న్యూజెర్సీలో, పిస్కాటవేలో ఉండేవాళ్ళం. మా ఆయనకి మందుల కంపెనీలో ఉద్యోగం. నేను ఆయన వీసా తోక పట్టుకుని వచ్చినదాన్ని. ఉద్యోగం చేసే హక్కు నాకు లేదు. అంతకు ముందు తెనాలిలో ఆరేళ్ళపాటు కాలేజీలో తెలుగు పాఠాలు చెప్పాను. ఆఖరి బెంచీ దాకా వినపడేలా పద్యం చదివే గొంతు నాది. ఇక్కడ ఆ గొంతుకి, కొట్లో "పేపరా, ప్లాస్టిక్కా?" అని అడిగితే "పేపర్" అని చెప్పడం తప్ప వేరే పని లేకపోయింది. "గ్రీన్‌కార్డ్ వచ్చేదాకా రెస్ట్ అనుకో" అనేవారు మా ఆయన. మంచి మనసుతోనే అనేవారు. కానీ పొద్దున ఆయన కారు వీధి మలుపు తిరిగినప్పటి నించి సాయంత్రం మళ్ళీ అదే మలుపులో కనిపించేదాకా ఆ రెస్ట్ ఎంత పొడుగ్గా ఉండేదో ఆయనకి తెలియదు.

మేమున్నది ఒక పాత చెక్క ఇంటి మేడ మీద. కింద ఇంటావిడ ఒక్కతే ఉండేది. డెబ్బై దాటిన మనిషి, సన్నగా, పొడుగ్గా, ఎవరో వెనక నించి పిలిచినట్టు ఎప్పుడూ మెడ ఒక పక్కకి తిప్పి ఉండేది. మా అమ్మాయికి అప్పుడు నాలుగేళ్ళు. కింద ఉండే మామ్మ కాబట్టి 'కిందిమామ్మ' అని పేరు పెట్టేసింది. ఆవిడ అసలు పేరు నేనిక్కడ రాయను. ముందు ఎక్కడ పడాలో అక్కడ పడకుండా, నా కాగితం మీద పడటం నాకిష్టం లేదు. హల్లుల మీద హల్లులు ఎక్కి కూర్చునే పేరు అని మాత్రం చెప్పగలను. సరిగ్గా పలకడానికి నాకు ఆరు నెలలు పట్టింది. అందులో ఒక అక్షరం నెత్తిన చిన్న కొక్కెం ఉంటుంది. కరెంటు బిల్లులో గానీ డాక్టరు చీటీలో గానీ ఎవరూ ఆ కొక్కెం పెట్టేవాళ్ళు కాదు. ఆవిడ మాత్రం పోస్ట్ డబ్బా మీద పేరు రాసుకుని, ఆ కొక్కెం ఒక్కటీ ఎర్రటి గోళ్ళరంగుతో దిద్దుకుంది. "అది లేకపోతే వేరే ఎవరికో వచ్చిన ఉత్తరంలా ఉంటుంది" అనేది.

ఆవిడ మెడ అలా తిప్పడానికి కారణం కళ్ళు. చూపు మధ్యలో మసక కమ్మేసింది, అంచులు మాత్రం మిగిలాయి. మనిషికి ఎదురుగా చూస్తే ముఖం ఉండాల్సిన చోట పొగ ఉంటుందట. పక్కకి చూస్తే చెవులు తెలుస్తాయట. "నీ మొహం నేను చూడలేదు. నీ చెవులు మాత్రం బాగుంటాయి" అని నాతో చాలాసార్లు అంది. నా జుంకాలు చూసి నన్ను గుర్తుపట్టేది. ఒకరోజు అవి తీసి వేరేవి పెట్టుకుంటే, "ఎవరు కావాలి?" అని తలుపు సగమే తెరిచింది. పెళ్ళి గౌన్ల దుకాణంలో పాతికేళ్ళకు పైగా అంచులు కుట్టిన మనిషి, ఆ తెల్లటి గుడ్డ మీద తెల్లటి దారం చూసీ చూసీ కళ్ళు అరిగిపోయాయని నమ్మేది. డాక్టరు అది కాదన్నా ఒప్పుకునేది కాదు. భర్త పోయి పదేళ్ళయింది. పిల్లల్లేరు. ప్రాగ్‌లో చెల్లెలి కూతురు ఒకతె ఉండేది.

ఆవిడ కథలు రాసే మనిషని నాకు తెలిసిన తీరు తల్చుకుంటే ఇప్పటికీ నవ్వొస్తుంది. ఎండాకాలం మధ్యాహ్నాలు పెరటి మెట్ల మీద కూర్చుని మా అమ్మాయికి కథలు చెప్పేదాన్ని, అన్నీ తెలుగులోనే. ఒకరోజు ఏదో ఎలుగుబంటి కథ చెబుతుంటే వెనక కిటికీ లోంచి ఆవిడ ఇంగ్లీషులో అడిగింది, "చచ్చిపోయిందా?" అని. నేను ఉలిక్కిపడ్డాను. "మీకు తెలుగు వచ్చా?" అన్నాను. "రాదు. నువ్వు గొంతు తగ్గించావు. పాప కాళ్ళు ఊపడం ఆపేసింది. ఎవరో ఒకరు చచ్చిపోవాలి" అంది. తర్వాత కాస్త ఆగి, మొహమాటపడుతూ, "కానీ మధ్యలో చాలా సాగింది. అక్కడ పాప రెండుసార్లు ఆవులించింది" అంది. ఆరేళ్ళు పాఠాలు చెప్పినదాన్ని, నాకు రోషం వచ్చింది. "మీకెలా తెలుసు సాగిందని?" అన్నాను. "అదే నా పని. ఒకప్పుడు నేను సినిమాలకి రాసేదాన్ని" అంది.

ఆ పెరటి మెట్ల మీదే, చాలా మధ్యాహ్నాల మీద, ముక్కలు ముక్కలుగా ఆవిడ గతం విన్నాను. ఆవిడ కాఫీ పొడి గ్లాసులోనే ఉంచేసి పైన వేడినీళ్ళు పోసుకునేది; అడుగున బురదలా మిగిలేది. నేను చేసిన ఫిల్టర్ కాఫీ తాగి, "ఇది కాఫీ కాదు, పిల్లల పాలు" అని రెండో గ్లాసు అడిగేది. ఆ రోజుల్లో వాళ్ళ ఊళ్ళో పాతికేళ్ళ కుర్రవాళ్ళకి కెమెరాలిచ్చి ఏం చేసుకుంటారో చేసుకోండన్నారట. ఎవరికీ భయం లేదట. నటులు కానివాళ్ళతో నటింపజేయడం, కథని వెనక నించి మొదలుపెట్టడం, అన్నీ చేశారట. ఆ గుంపులో రాసే ఆడమనిషి ఈవిడ ఒక్కతే. చిన్నవి ఏవేవో రాశాక, ఒక పెద్ద సినిమా పూర్తిగా తనే రాసింది. డ్యాం కోసం ఊరు ఖాళీ చేయిస్తుంటే, ఒక ఆవిడ తన ఇంటి తలుపు ఊడబెరుక్కుని వీపు మీద వేసుకుని పోతుంది. పొలంలో, రైలు స్టేషన్‌లో, ఎక్కడ పడితే అక్కడ తలుపు నిలబెడుతుంది. గోడలు లేకపోయినా జనం వచ్చి దాన్ని తట్టి, కాళ్ళు తుడుచుకుని, లోపలికి వచ్చి కూర్చుంటారు. అదే కథ. షూటింగ్ అయింది. ఫిల్ము కత్తిరించి అతుకుతుండగా వీధుల్లోకి పరాయి దేశపు ట్యాంకులు వచ్చాయి. ఈవిడ ఏదో నిరసన కాగితం మీద సంతకం పెట్టింది. వెనక్కి తీసుకోమన్నారు, తీసుకోలేదు. ఇంక స్టూడియోలోకి రానివ్వలేదు. సినిమా నాలుగు రోజులు ఆడి పెట్టెలోకి పోయిందని ఎవరో చెప్పగా విన్నదే. భార్యాభర్తలిద్దరూ ఒక సూట్‌కేస్‌తో విహారయాత్రకని దేశం దాటి మళ్ళీ వెళ్ళలేదు.

"మరి ఇక్కడ మళ్ళీ రాయలేదేం?" అని అడిగాను. "నేను నా భాషలోనే తెలివైనదాన్ని. ఇంగ్లీషులో నేను మంచి కుట్టుమనిషిని" అంది. ఇంగ్లీషులో నేనేమిటో నాకప్పటికింకా తెలియదు.

రెండో ఏడు చలికాలంలో ప్రాగ్ నించి ఒక పార్సెల్ వచ్చింది. అక్కడ రోజులు మారాయి, పెట్టెల్లో పెట్టిన సినిమాలు బయటికి తీస్తున్నారు. చెల్లెలి కూతురు ఎలాగో సంపాదించి ఆ సినిమా వీడియో క్యాసెట్టు పంపింది, లోపల ఒక ఉత్తరంతో. ఉత్తరం చెక్ భాషలో ఉంది. ఆవిడ కళ్ళకి అక్షరాలు అందవు, నాకు ఆ భాష రాదు. "సినిమా చూశాక దానికే ఫోన్ చేస్తాను" అని సొరుగులో పెట్టింది. తీరా ఆ క్యాసెట్టు అమెరికా వీసీఆర్‌లో తిరగలేదు. తెర మీద గీతలే. మన పెళ్ళి క్యాసెట్లకీ అదే జబ్బు కాబట్టి మందు నాకు తెలుసు. మా ఆయన దాన్ని ఎడిసన్‌లో మనవాళ్ళ వీడియో కొట్టుకి పట్టుకెళ్ళి ఇక్కడి పద్ధతిలోకి మార్పించి తెచ్చారు. ఆ కొట్టాయన అలవాటు కొద్దీ పైన 'మ్యారేజ్' అని చీటీ అంటించాడు. అది చెబితే కిందిమామ్మ పొట్ట పట్టుకుని నవ్వింది. "నిజమే, ముప్పై ఏళ్ళకి పెళ్ళికూతురు కనపడబోతోంది" అంది.

మంచు కురిసి ఆగిన మధ్యాహ్నం. మా అమ్మాయి ప్రీస్కూల్‌కి వెళ్ళింది. ఆవిడ నీలం రంగు గౌను వేసుకుని, పెదవులకి రంగు పూసుకుని, టీవీకి ఎదురుగా కాక పక్కవాటుగా కుర్చీ వేసుకుని కూర్చుంది. ఎంత ప్రయత్నించినా ఆవిడకి వెలుగూ నీడా కదలడం తప్ప ఏమీ కనపడదు. మాటలు మాత్రం వినపడతాయి. నాకు బొమ్మ కనపడుతుంది, మాట అర్థం కాదు. ఏం కనపడుతోందో నేను చెప్పాలి, వాళ్ళేమంటున్నారో ఆవిడ చెబుతుంది, అదీ ఒప్పందం. సంగీతం మొదలైంది. పేర్లు పడుతున్నాయి. పోస్ట్ డబ్బా మీద రోజూ చూసే పేరు కాబట్టి నేను తడుముకోనక్కర్లేదు. ఒకటి, రెండు, ఐదు, ఎనిమిది. ఆవిడ నా మణికట్టు పట్టుకుంది. "వచ్చిందా?"

దర్శకుడి పేరు పడి, పొలం కనపడుతోంది. ఇంక పేర్లు లేవు.

"వచ్చింది" అన్నాను.

"ఒక్కటేనా? పక్కన ఇంకో పేరు లేకుండా?"

"ఒక్కటే."

"కొక్కెం?"

"ఉంది."

ఆవిడ వదలకుండా పట్టుకున్న నా చెయ్యి మీద నెమ్మదిగా రెండుసార్లు తట్టింది. ఆ తట్టడం నాకిప్పటికీ చేతి మీద ఉంది. గంటన్నర పాటు నేను తలుపు గురించీ పొలం గురించీ చెబుతూనే ఉన్నాను, ఆవిడ వైపు మాత్రం చూడకుండా. చివర్లో నీళ్ళు ఊరిని ముంచేసి, తలుపు నీళ్ళ మీద తేలుతూ పోతుంది. "తర్వాత?" అంది. "అయిపోయింది" అన్నాను. "తలుపు తట్టే సీను?" "లేదండీ. నీళ్ళతో అయిపోయింది." ఈ మాట నిజమే కాబట్టి తేలిగ్గా వచ్చింది. ఆవిడ ముఖం చిన్నబోయింది, అంతలోనే సర్దుకుంది. "సీను పోతే పోయింది. పేరు ఉంచారు. అంత ధైర్యం ఎవరు చేశారో" అంది.

తర్వాత వారం రోజులు ఆవిడ వేరే మనిషి. పోస్ట్ తెచ్చే అతనికి చెప్పింది. మందుల షాపులో చెప్పింది. పక్కింటి ఇటాలియన్ ముసలాయనకి చెబితే ఆయన ఒక వైన్ సీసా పట్టుకొచ్చాడు. మెట్లు దిగుతూ ఆవిడ కూనిరాగం విన్నప్పుడల్లా, నేను చేసింది మంచిపనే అని నాకు నేను చెప్పుకునేదాన్ని. మా ఆయనతో చెబితే, "పోనీలే, పాపం హ్యాపీగా ఉంది కదా" అన్నారు. నాకూ అదే వినాలని ఉంది.

ఆదివారం ఆవిడ ప్రాగ్‌కి ఫోన్ చేసింది. చెల్లెలి కూతురు ఏమందో నాకు తెలియదు, ఊహించగలను. సోమవారం మా ఆయన ఆఫీస్‌కి వెళ్ళగానే కింద నించి చీపురు కర్రతో పైకప్పు మీద తట్టింది. అది నన్ను పిలవడం. వెళ్ళేసరికి వంటింటి బల్ల ముందు కూర్చుని ఉంది. ఆ ఉత్తరం విప్పి ఎదురుగా పెట్టుకుంది. "ఇందులో మొదటి లైనే అదట. 'పెద్దమ్మా, బాధపడకు, నీ పేరు తీసేశారు' అని" అంది. నేను నిలబడే ఉన్నాను. "మీరు బాధపడతారని..." అని మొదలుపెట్టాను.

"ముప్పై ఏళ్ళ క్రితం వాళ్ళు నన్ను బాధపెట్టాలని నా పేరు తీసేశారు. నేను బాధపడకూడదని నువ్వు పెట్టావు. రెండుసార్లూ నన్నెవరూ అడగలేదు" అంది. గొంతు పెంచలేదు. ఇంగ్లీషులో నువ్వు, మీరు ఒకటే. ఆవిడ ఎప్పుడు 'యూ' అన్నా నాకు అమ్మమ్మ పిలిచే 'నువ్వు'లా వినపడేది. ఆ రోజు మొదటిసారి 'మీరు'లా వినపడింది.

ఆవిడ నాతో మాట్లాడకుండా నెల గడిచింది. నేను పులిహోర చేసి గుమ్మం దగ్గర పెట్టేదాన్ని. మర్నాడు డబ్బా శుభ్రంగా కడిగి మా మెట్ల మీద ఉండేది, మాట లేదు, చీటీ లేదు. మా అమ్మాయి మాత్రం మామూలుగానే కిందికి వెళ్ళి రేగుపండులాంటి ఏదో పండు లోపల పెట్టి ఉడికించిన ఉండలు తిని వచ్చేది. "కిందిమామ్మ అడిగింది, మమ్మీ ఎందుకు సింగ్ చేయట్లేదు అని" అని ఒకరోజు చెప్పింది. వంట చేస్తూ పద్యాలు పాడుకోవడం నేను మానేశానని నాకే తెలియలేదు.

మార్చిలో ఒక మధ్యాహ్నం మెట్ల మీద చప్పుడైంది. చూస్తే ఆవిడ, ఒక చెయ్యి గోడకి ఆనించి, ఒక్కో మెట్టూ కాలితో వెతుక్కుంటూ పైకి వస్తోంది. మేమున్న రెండేళ్ళలో ఒక్కసారి కూడా ఎక్కలేదు. ఆయాసం తీర్చుకుని, "మళ్ళీ చూద్దాం. ఈసారి ఉన్నది చెప్పు. లేనిది లేదని చెప్పు" అంది.

ఐదు మధ్యాహ్నాలు పట్టింది, ఆపుతూ, వెనక్కి తిప్పుతూ. పేర్లు పడుతున్నప్పుడు ఒక్కొక్కటీ అక్షరాలు కూడబలుక్కుంటూ చదివాను. "వీడు మంచివాడు, లైట్లు చూసేవాడు... ఇతను నాకు చెప్పులు కొనిపెట్టాడు... ఈవిడ చచ్చిపోయింది..." అని ఆవిడ ఒక్కొక్కరికీ ఒక మాట చెప్పింది. అన్నీ అయ్యాక, "మీ పేరు లేదు" అన్నాను. "లేదు" అని ఆవిడా అంది. ఆ తర్వాత నాకు భయం పోయింది. ఆ ఆడమనిషి జోడుకి తాడు చుట్టుకున్న సంగతీ, ఆమె వెనక పొలంలో ఎవరిదో తెలియని కుక్క నడుస్తున్న సంగతీ, అన్నీ చెప్పాను. కుక్క తను రాయలేదని ఆవిడ చాలా సంతోషించింది. ఒకచోట రైలు పొగలో తలుపు ఒక్కటే నిలబడి ఉంటుంది. అది ఎలా ఉందో ఇంగ్లీషులో చెప్పలేక తెలుగులో మొదలుపెట్టేసి నాలిక కరుచుకున్నాను. "ఆపకు, అలాగే చెప్పు" అంది ఆవిడ, కళ్ళు మూసుకుని.

ఐదో రోజు, తీసేసిన సీను చెబుతాను రాసుకోమంది. తన దగ్గర రాతప్రతి లేదు. సూట్‌కేసులో కాగితాలు దొరికితే ప్రమాదమని అప్పట్లో కాల్చేశారట. ఆవిడ చెప్పే వేగానికి నా ఇంగ్లీషు చేతిరాత అందలేదు. మా అమ్మాయి బొమ్మల నోట్‌బుక్కు తీసుకుని తెలుగులో రాశాను. అంతా కలిపితే ఒకటిన్నర పేజీ. ఆమె తలుపు పొలం మధ్య నిలబెడుతుంది. బయట నిలబడి తడుతుంది. ఎవరూ తియ్యరు. మళ్ళీ తడుతుంది. చుట్టూ తిరిగి అవతలి వైపుకి వెళ్ళి, లోపలి నించి తనే తలుపు తీస్తుంది. గుమ్మంలో ఎవరూ లేరు. అక్కడ తనే నిలబడి ఉన్నట్టు చూసి, ఒక మాట అంటుంది.

"ఇప్పుడు చదువు" అంది. తెలుగులో ఉందన్నాను. "వింటాను" అంది. ఆఖరి బెంచీకి వినపడే గొంతుతో చదివాను. చివర్లో ఆవిడ మొహం చిట్లించింది. "అక్కడ పొడుగైంది. నేను చెప్పింది ఒక్క మాట. నువ్వు చాలా చదివావు." నిజమే. పండితురాలిని కదా, ఊరుకోలేక, 'వచ్చావా తల్లీ, ఇన్నాళ్ళూ ఏ దారుల్లో తిరిగావు, ఎంత అలిసిపోయావో' అని రాశాను. సిగ్గుపడుతూ ఒప్పుకున్నాను. "ఆమెకి అంత ఊపిరి లేదు. అంతదూరం తలుపు మోసుకొచ్చింది" అంది. మిగతాదంతా కొట్టేసి, 'వచ్చావా' ఒక్కటే ఉంచి మళ్ళీ చదివాను. ఆవిడ తల ఊపింది. రాయడం గురించి ఎవరైనా నాకు నేర్పింది ఏమైనా ఉంటే ఆ మధ్యాహ్నం నేర్పిందే.

దాన్ని ఇంగ్లీషు చేసి ప్రాగ్‌లో సినిమాలు భద్రపరిచే ఆఫీసుకి పంపిస్తానని మాట ఇచ్చాను. చెల్లెలి కూతురు అక్కడ ఇస్తానంది. పేరు సంగతి కూడా రాయాలని అనుకున్నాం. ఆ వేసవిలో మా ఆయనకి ఇక్కడ, అరోరాలో ఉద్యోగం వచ్చింది. సామాను సర్దడం, ఇల్లు వెతకడం, అమ్మాయి స్కూలు, ఆ పైన ఎదురుచూసిన గ్రీన్‌కార్డు, నాకు ఒక డే కేర్‌లో ఉద్యోగం, అన్నీ ఒకదాని మీద ఒకటి వచ్చి పడ్డాయి. బయలుదేరే రోజు ఆవిడ వాకిట్లో నిలబడి మెడ పక్కకి తిప్పి మమ్మల్ని చూసింది. కారు కదులుతుంటే ఆవిడ చెయ్యి ఊపిన వైపు మేము లేము.

నెలకోసారి ఫోన్ చేసేదాన్ని. మొదటిసారి, "పంపావా?" అని అడిగింది. "వచ్చే వారం తప్పకుండా" అన్నాను. రెండోసారి అడిగింది, అదే జవాబు. మూడోసారి అడగలేదు. అడగలేదని నాకు తేలికైంది, అదీ నా సిగ్గు. మాట్లాడిన చివరిసారి, "పాప ఇప్పుడు కథల మధ్యలో ఆవులిస్తోందా?" అని అడిగింది. "ఇప్పుడు తనే చదువుకుంటోంది" అన్నాను. "అయ్యో" అంది. ఆ తర్వాత ఏడాది వసంతంలో చెల్లెలి కూతురు ఫోన్ చేసి, పెద్దమ్మ పోయి మూడు వారాలైందనీ, ఇల్లు అమ్మడానికి వచ్చాననీ, ఫోను పక్కన నా నంబరు పెద్ద పెద్ద అంకెలతో రాసి ఉందనీ చెప్పింది. కాగితాల సంగతి నేనూ ఎత్తలేదు, ఆమె కూడా అడగలేదు. ఆ నోట్‌బుక్కు ఒక అట్టపెట్టెలో పడి, మూడు ఇళ్ళు మారింది. ఎందుకు పంపలేదు అని నన్ను అడిగితే ఇప్పటికీ గట్టి కారణం చెప్పలేను. తీరిక లేదన్నది నిజం కాదు. ఆవిడ పోయాక పంపితే, బతికుండగా పంపలేదని నాకు నేనే కాగితం మీద రాసిచ్చినట్టవుతుందని భయం.

లైబ్రరీ నించి వచ్చిన మర్నాడు బేస్‌మెంట్‌లో ఆ పెట్టె దింపాను. అమ్మాయి పక్కన కూర్చుంది. నేను చదువుతుంటే అది కంప్యూటర్‌లో ఇంగ్లీషు చేసింది. కొట్టేసిన వాక్యం దగ్గర, "ఇది కూడా బాగానే ఉందిగా అమ్మా, ఎందుకు తీసేశారు?" అని అడిగింది. చెప్పాను. అది ఆ ఒక్క మాటే ఇంగ్లీషులో టైప్ చేసింది. పేరు ఎవరిదో, ఎందుకు తీశారో, నాకెలా తెలుసో కూడా రాసి ప్రాగ్‌లోని ఆ ఆఫీసుకి పంపించాం. సినిమా గురించి మాట్లాడిన ప్రొఫెసర్‌కి కూడా పంపాం. ఆయన వెంటనే ఫోన్ చేసి, తను పాఠం చెప్పినప్పుడల్లా ఆవిడ పేరు చెబుతానన్నాడు. ప్రాగ్ నించి పది రోజులకి మర్యాదగా జవాబు వచ్చింది. అసలు రాతప్రతి చెక్ భాషలో లేదు కాబట్టి, ఇంకెవరూ సాక్ష్యం లేరు కాబట్టి, సినిమా మీద పేరు మార్చే వీలు లేదు. మీరు పంపింది ఫైల్లో చేర్చాం అని. చెల్లెలి కూతురి నంబరుకి చేస్తే మోగలేదు. కొన్నేళ్ళ ముందు పంపి ఉంటే సాక్ష్యం చెప్పడానికి ఆ చెల్లెలి కూతురైనా దొరికేది, ఆ లైట్లు చూసే మంచివాడూ ఉండేవాడేమో.

నాకిప్పుడు యాభై ఆరు. చదివేటప్పుడు కళ్ళజోడు తీసి తుడుచుకోవడం ఎక్కువైంది. పిస్కాటవేలో గడిపిన ఆ ఏళ్ళు గడవడం లేదని, ఎప్పుడైపోతాయా అని రోజులు లెక్కపెట్టుకునేదాన్ని. ఆ పెరట్లోనే నా పక్క మెట్టు మీద ఇంకొకరి రోజులు ఎంత త్వరగా అయిపోతున్నాయో నాకు తట్టలేదు. 'వచ్చే వారం' అని తేలిగ్గా అన్న ప్రతిసారీ అది నా కాలమే అనుకున్నాను; ఖర్చయింది ఆవిడది.